కరెంటు, రెసిస్టెన్స్ విలోమానుపాతం లెక్క: 10.67 ఎందుకు కాదు, 6 ఎందుకు?

గుణుపురం నుంచి ఒక అమ్మగారు అడిగిన ప్రశ్న ఇది. వాళ్ల అబ్బాయి పదో తరగతి. లెక్క ఏటంటే, "వోల్టేజి మారకుండా ఉంటే కరెంటు రెసిస్టెన్స్‌కి విలోమానుపాతంలో ఉంటుంది. రెసిస్టెన్స్ 15 ఓమ్స్ ఉన్నప్పుడు కరెంటు 8 ఆంప్స్. రెసిస్టెన్స్ 20 ఓమ్స్ చేస్తే కరెంటు ఎంత?" బాబుకి 10.67 వచ్చింది, పుస్తకం వెనకాల మాత్రం 6 అని ఉంది. దీంతో పాటు ఇంకో డౌటు కూడా పెట్టారు, రెసిస్టెన్స్ పెరిగితే వేడి పెరుగుతుందని స్కూల్లో చెప్పారట, తగ్గుతుందని ట్యూషన్లో చెప్పారట, ఇద్దర్లో ఎవరిది కరెక్టు అని.

అమ్మా, ఆన్సర్ 6 ఆంప్సే, పుస్తకంలో తప్పేం లేదు. తెలిసిన జతని ముందు గుణించాలి: 15 × 8 = 120. ఆ 120ని కొత్త రెసిస్టెన్స్‌తో భాగించాలి: 120 ÷ 20 = 6. లెక్క ఇంతే. ఇక వేడి సంగతి, మీ స్కూల్ టీచరూ కరెక్టే, ట్యూషన్ మాస్టారూ కరెక్టే, కాకపోతే ఇద్దరూ సగం సగం చెప్పి వదిలేశారు. ఏది మారకుండా ఉందో చెప్పకపోతే ఆ ప్రశ్నకి ఆన్సరే లేదు. దాని గురించి కింద వివరంగా రాస్తాను, ముందు ఈ లెక్క పని చూద్దాం.

నేను పర్లాకిమిడి వైపు ఐటీఐలో ఎలక్ట్రీషియన్ ట్రేడ్ కుర్రాళ్లకి చాలా ఏళ్లు చెప్పాను, ఇప్పుడు సాయంత్రం పూట ఇంటి దగ్గర పిల్లలకి లెక్కలు, సైన్సు చెప్తుంటాను. మన బోర్డర్ పిల్లల సంగతి మీకు తెలిసిందే కదా, ఇంట్లో తెలుగు, స్కూల్లో ఒడియా లేకపోతే ఇంగ్లీషు, ఫార్ములా ఒక భాషలో బట్టీ పట్టి దాని అర్థం ఇంకో భాషలో వెతుక్కుంటారు. అందుకని నేను ఫార్ములా బోర్డు మీద చాలా ఆలస్యంగా రాస్తాను, ముందు సంగతి నోటితో చెప్పించి ఆ తర్వాతే రాస్తాను.

బాబు ఏం చేశాడో మీరు రాయకపోయినా తెలిసిపోతోంది. 15కి 8 అయితే 20కి ఎంత అని అడ్డగుణకారం కొట్టాడు, 8 × 20 ÷ 15 = 10.67. కిలో ఉల్లిపాయలు ఇంత అయితే మూడు కిలోలు ఎంత అనే లెక్కకి అది సరిగ్గా సరిపోతుంది, అది అనులోమం, ఒకటి పెరిగితే రెండోది కూడా అదే వాటాలో పెరుగుతుంది. ఇక్కడ రెసిస్టెన్స్ 15 నుంచి 20కి పెరిగింది, అంటే కరెంటుకి అడ్డు పెరిగింది, అడ్డు పెరిగితే కరెంటు 8 కంటే తగ్గాలి గాని 10 దాటి ఎలా పోతుంది? పెన్ను పట్టుకునే ముందు ఈ ఒక్క ప్రశ్న వేసుకోమనండి, ఆన్సర్ పాత దాని కంటే ఎక్కువ రావాలా తక్కువ రావాలా. మార్జిన్లో పెన్సిల్‌తో "తగ్గాలి" అని రాసుకుంటే చాలు, తర్వాత 10.67 వచ్చినా వాడే కొట్టేసుకుంటాడు.

మరి గుణకారమే ఎందుకు, భాగహారం ఎందుకు కాదు అంటే దానికి నేను క్లాసులో చెప్పేది ఇది. శివరాత్రికి మహేంద్రగిరి కొండకి బొలేరో మాట్లాడుకున్నారనుకోండి, కిరాయి 2400, ఎంతమంది ఎక్కినా అదే. ఎనిమిది మంది అయితే మనిషికి 300, పన్నెండు మంది ఇరుక్కుంటే మనిషికి 200. మనుషులు మారారు, వాటా మారింది, గుణిస్తే మాత్రం ఎప్పుడూ 2400. ఆ 2400 అనేది ఉత్తి నంబరు కాదు, దానికో పేరుంది, కిరాయి. అలాగే మన లెక్కలో 15ని 8తో గుణిస్తే వచ్చిన 120కి కూడా పేరుంది, అది 120 వోల్టులు. ఓమ్స్‌ని ఆంప్స్‌తో గుణిస్తే వచ్చేది వోల్టులే. పుస్తకాల్లో దాన్ని "కె" అని, అనుపాత స్థిరాంకం అని రాసి వదిలేస్తారు, పిల్లాడికి అదేదో గాల్లోంచి ఊడిపడ్డట్టు ఉంటుంది. కె అంటే ఈ లెక్కలో వోల్టేజి అని తెలిస్తే లెక్క మొదట్లో "వోల్టేజి మారకుండా ఉంటే" అని ఎందుకు రాశారో కూడా తెలుస్తుంది, ఆ ముక్క తీసేస్తే విలోమం కూడా పోతుంది.

నా అనుభవంలో పిల్లలు ఎక్కువగా చదవకుండా దాటేసేది కూడా ఆ ముక్కే.

ఇప్పుడు పరీక్షల్లో ఇదే లెక్కని ఎన్ని రకాలుగా తిప్పి ఇస్తారో చెప్తాను, ఎందుకంటే మొదటి రకం వచ్చేసినోళ్లు కూడా వీటిలో పడుతుంటారు.

సిరీస్‌లో, అంటే ఒకదాని వెనక ఒకటిగా, ఇంకో రెసిస్టర్ కలిపినప్పుడు. "20 ఓమ్స్ రెసిస్టర్ లోంచి 6 ఆంప్స్ పోతోంది. అదే సప్లైకి ఇంకో 10 ఓమ్స్ రెసిస్టర్ సిరీస్‌లో కలిపితే కరెంటు ఎంత?" చాలామంది 120 ÷ 10 = 12 అనేస్తారు. కొత్త రెసిస్టెన్స్ 10 కాదు, 20 + 10 = 30. కాబట్టి 120 ÷ 30 = 4 ఆంప్స్. సిరీస్‌లో ఏం కలిపినా కరెంటు తగ్గాల్సిందే గాని 12కి పెరగదు, మళ్లీ అదే మార్జిన్ ప్రశ్న కాపాడుతుంది.

శాతాలు. "రెసిస్టెన్స్ 25 శాతం పెరిగితే కరెంటు ఎంత శాతం తగ్గుతుంది?" చూడగానే 25 శాతం అనేస్తారు, కాదు, 20 శాతం. రెసిస్టెన్స్ 100 అనుకుంటే 125 అయ్యింది, కరెంటు 100 అనుకుంటే 100 × 100 ÷ 125 = 80 అయ్యింది. నమ్మకం కుదరకపోతే ఇంకా పెద్ద నంబరు వేసి చూడమనండి, రెసిస్టెన్స్ 100 శాతం పెరిగింది అంటే రెట్టింపు అయ్యింది, అప్పుడు కరెంటు సగం అవుతుంది, అంటే 50 శాతమే తగ్గింది. పెరిగినంత శాతమే తగ్గుతుంది అనుకుంటే కరెంటు సున్నా అయిపోవాలి కదా, రెసిస్టెన్స్ రెట్టింపు చేసినంత మాత్రాన బల్బు ఆరిపోతుందా?

పట్టిక ఇచ్చి "విలోమానుపాతమా కాదా" అని అడిగితే. దీన్ని కొంచెం నిదానంగా చదవండి. రెసిస్టెన్స్ 10, 20, 30, 40 అని, కరెంటు 12, 10, 8, 6 అని ఇచ్చారనుకోండి. ఒకటి పెరుగుతోంది ఒకటి తగ్గుతోంది కాబట్టి విలోమం అని రాసేస్తారు. గుణించి చూడండి, 120, 200, 240, 240. సమానంగా రాలేదు, కాబట్టి విలోమానుపాతం కాదు. ఒకటి పెరిగితే ఇంకోటి తగ్గడం ఒక్కటే చాలదు, రెట్టింపు అయితే సరిగ్గా సగం కావాలి, మూడు రెట్లు అయితే మూడో వంతు కావాలి. అదే 10, 20, 30, 40కి 24, 12, 8, 6 ఇస్తే అన్నీ 240, అది విలోమం. గ్రాఫ్ గీసినా అంతే, పైదానిది తిన్నగా కిందకి దిగే గీత, రెండోది వంపు తిరిగిన గీత, అక్షాల దగ్గర దగ్గరికి పోతుంది గాని ఎప్పటికీ తాకదు. ప్రాక్టికల్స్‌లో ఆ వంపు సరిగ్గా వచ్చిందో లేదో కంటితో చెప్పడం కష్టం కాబట్టి అడ్డంగా రెసిస్టెన్స్ బదులు 1 బై రెసిస్టెన్స్ తీసుకోమంటాను, అప్పుడు మూల బిందువు గుండా పోయే తిన్నటి గీత రావాలి, తేడా ఉంటే వెంటనే కనపడిపోతుంది.

పేరలల్‌లో కరెంటు పంచుకోవడం. పేరలల్ అంటే అన్ని కొమ్మలకీ వోల్టేజి ఒకటే, కాబట్టి విలోమం ఇక్కడ భలే పనిచేస్తుంది. 3 ఓమ్స్, 6 ఓమ్స్ పేరలల్‌లో ఉండి మొత్తం 9 ఆంప్స్ వస్తుంటే 3 ఓమ్స్ కొమ్మలో 6, 6 ఓమ్స్ కొమ్మలో 3. రెండు కొమ్మలు ఉన్నంతసేపు నిష్పత్తి తిరగేస్తే చాలు. మూడు కొమ్మలు వచ్చేసరికి అసలు తంటా మొదలవుతుంది, 2, 3, 6 ఓమ్స్ ఉంటే కరెంటుల నిష్పత్తి 6:3:2 అని వెనక నుంచి ముందుకి రాసేస్తారు. అది తప్పు. ఒక్కోదాన్నీ విడిగా తిరగేయాలి, 1/2 : 1/3 : 1/6, అన్నిటినీ 6తో గుణిస్తే 3:2:1. మొత్తం 12 ఆంప్స్ అయితే 6, 4, 2. సరిచూసుకోవాలంటే ఒక్కో కొమ్మలో గుణించండి, 2 × 6 = 12, 3 × 4 = 12, 6 × 2 = 12, మూడింటికీ 12 వోల్టులే వచ్చింది కదా. తిరగేసి రాసిన 6:3:2తో ఈ పరీక్ష చేస్తే నిలబడదు.

సరే, లెక్కల పేపర్ వరకు ఇంతే సరిపోతుంది. కానీ బాబు పదో తరగతి కాబట్టి ల్యాబ్‌లోకి కూడా వెళ్తాడు, అక్కడ ఇదే సూత్రం మొండికేస్తుంది, అప్పుడు "సైన్సులో చెప్పినవన్నీ అబద్ధాలు" అంటారు పిల్లలు. టార్చి సెల్లుకి ఒక్కో రెసిస్టర్ పెట్టి కరెంటు కొలిచారనుకోండి. సెల్లు 1.5 వోల్టులు. 1 ఓమ్ పెడితే 1 ఆంప్, 2.5 ఓమ్స్ పెడితే 0.5, 4.5 ఓమ్స్ పెడితే 0.3 వచ్చింది. గుణిస్తే 1, 1.25, 1.35. సమానం కాదు! అమ్మీటర్ పాడైందని అందరూ దాని మీద పడతారు. అమ్మీటర్ బాగానే ఉంది, సెల్లు లోపల కూడా కొంత రెసిస్టెన్స్ ఉంటుంది, ఈ లెక్కలో అది 0.5 ఓమ్. దాన్ని కూడా కలిపి చూడండి, 1.5 × 1, 3 × 0.5, 5 × 0.3, మూడూ 1.5 వచ్చేశాయి. కరెంటుకి విలోమంలో ఉండేది మొత్తం రెసిస్టెన్స్, మనం బయట తగిలించిన ముక్క ఒక్కటే కాదు.

ఈ సూత్రం కనిపెట్టిన గెయోర్గ్ ఓమ్‌కి కూడా ఇదే గొడవ ఎదురైంది, ఈ సంగతి చెప్తే పిల్లలు భలే ఆసక్తిగా వింటారు. ఆయన జర్మనీలో స్కూల్ మాస్టారు, కొలోన్‌లో లెక్కలు, ఫిజిక్సు చెప్పుకునేవాడు. అప్పటి బ్యాటరీలు వాడుతుండగానే వోల్టేజి జారిపోయేవి, అందుకని 1825లో ఆయన మొదట అచ్చేసిన సూత్రం తేడాగా వచ్చింది. పోగెన్‌డార్ఫ్ అనే ఆయన సలహా మీద బ్యాటరీ పక్కన పెట్టి థర్మోకపుల్ వాడాడు, రెండు లోహాల అతుకుల్లో ఒకటి మరిగే నీళ్లలో, రెండోది ఐసులో పెడితే వోల్టేజి చాలా తక్కువ వస్తుంది గాని కదలకుండా నిలబడుతుంది. వోల్టేజి నిలబడ్డాకే సూత్రం దొరికింది. అది కూడా తీగ పొడవు ఒక్కదానితో భాగించినట్టు రాలేదు, "తీగ పొడవు + ఇంకో స్థిరమైన సంఖ్య"తో భాగించినట్టు వచ్చింది, ఆ స్థిరమైన సంఖ్యే పైన మనం చూసిన లోపలి రెసిస్టెన్స్. 1827లో పుస్తకం వేస్తే సొంత దేశంలో పెద్దగా పట్టించుకోలేదు, 1841లో లండన్ రాయల్ సొసైటీ వాళ్లు కోప్లీ మెడల్ ఇచ్చారు.

ఇంకో ల్యాబ్ కేసు. మా ఐటీఐలో ప్రతి బ్యాచ్‌లోనూ ఎవడో ఒక తెలివైన కుర్రాడు పాత 100 వాట్ల ఫిలమెంటు బల్బుకి మల్టీమీటర్ పెట్టి చూసేవాడు, దాదాపు 40 ఓమ్స్ చూపించేది. 230 ÷ 40 అంటే 5.75 ఆంప్స్, వాట్లలోకి మారిస్తే 1300 పైచిలుకు, "సార్, వంద వాట్ల బల్బు అని కంపెనీవాడు మోసం చేశాడు" అని పరిగెత్తుకుంటూ వచ్చేవాడు. మోసం ఏమీ లేదు. బల్బు వెలిగేటప్పుడు ఫిలమెంటు తెల్లగా కాలి రెసిస్టెన్స్ పది పదిహేను రెట్లు పెరిగిపోతుంది, వెలుగుతున్నప్పుడు అది 529 ఓమ్స్, కరెంటు 0.43 ఆంప్స్. చల్లగా ఉన్నప్పుడు కొలిచిన రెసిస్టెన్స్‌ని వేడి మీద లెక్కకి వాడకూడదు. స్విచ్ వేసిన ఆ మొదటి క్షణంలో మాత్రం కుర్రాడి లెక్కే నిజం, పాత బల్బులు ఎక్కువగా స్విచ్ వేసినప్పుడే టప్‌మని పోవడానికి కారణం అదే. మామూలు హీటర్ కాయిల్ అయితే ఇంత తేడా రాదు, నైక్రోమ్ తీగ వేడెక్కినా రెసిస్టెన్స్ పెద్దగా మారదు, దాంతో లెక్క బాగా కలుస్తుంది. నీళ్లు కాచుకునే 1000 వాట్ల రాడ్ చూడండి, 230 వోల్టుల దగ్గర 4.35 ఆంప్స్, రెసిస్టెన్స్ దాదాపు 53 ఓమ్స్, మీటర్ పెట్టినా దానికి దగ్గర్లోనే చూపిస్తుంది. ప్లగ్గు పీకేసి కొలవమనండి, మెయిన్స్ మీద ఓమ్స్ రేంజ్ పెడితే మీటరూ పోతుంది, చెయ్యీ పోతుంది.

ఇక వేడి గొడవ. స్కూల్ టీచర్ చెప్పింది, వేడి = కరెంటు వర్గం × రెసిస్టెన్స్ × కాలం. ఇందులో రెసిస్టెన్స్ పైన ఉంది కాబట్టి అది పెరిగితే వేడి పెరుగుతుంది. ట్యూషన్ మాస్టారు చెప్పింది, వేడి = వోల్టేజి వర్గం ÷ రెసిస్టెన్స్ × కాలం. ఇందులో రెసిస్టెన్స్ కింద ఉంది కాబట్టి తగ్గుతుంది. రెండూ ఒకే సూత్రం, కరెంటు బదులు వోల్టేజి ÷ రెసిస్టెన్స్ అని వేస్తే మొదటిది రెండోది అయిపోతుంది. కరెంటు ఒకటే ఉంటే మొదటిది చూడాలి, వోల్టేజి ఒకటే ఉంటే రెండోది చూడాలి. సిరీస్‌లో కరెంటు ఒకటే. ఇంట్లో సాకెట్ల దగ్గర వోల్టేజి ఒకటే. అందుకే 2000 వాట్ల గీజర్ కాయిల్ రెసిస్టెన్స్ 26 ఓమ్స్ చిల్లర, 1000 వాట్ల రాడ్‌ది 53, ఎక్కువ వేడి ఇచ్చేదానికే రెసిస్టెన్స్ తక్కువ. కొనేటప్పుడు షాపువాడు "ఇది హెవీ కాయిల్ అండి, రెసిస్టెన్స్ ఎక్కువ" అంటే నవ్వుకుని వచ్చేయండి.

దీన్ని పిల్లలకి కళ్లతో చూపించాలంటే 100 వాట్ల ఫిలమెంటు బల్బు ఒకటి, 40 వాట్లది ఒకటి చాలు. మామూలుగా హోల్డర్లలో పక్కపక్కన పెడితే 100 బాగా వెలుగుతుంది. అవే రెండూ సిరీస్‌లో కలిపితే 40 వాట్లది వెలుగుతుంది, 100 వాట్లది ఎర్రగా మిణుకుమంటుంది, ఒక్కోసారి వెలగనే వెలగదు. 40 వాట్ల దాని రెసిస్టెన్స్ 1322 ఓమ్స్, 100 వాట్ల దానిది 529, సిరీస్‌లో కరెంటు ఇద్దరికీ ఒకటే కాబట్టి రెసిస్టెన్స్ ఎక్కువ ఉన్నదే ఎక్కువ వేడెక్కుతుంది. మా వర్క్‌షాప్‌లో సిరీస్ బోర్డు మీద ఇది చేసి చూపిస్తే వెనక బెంచీ వాళ్లు కూడా లేచి నిలబడి చూసేవాళ్లు. మీ ఇంట్లో మాత్రం చేయించకండి, ఇది మెయిన్స్ మీద పని, టెర్మినల్స్ బయటికి కనిపిస్తుంటాయి. పక్కన తెలిసినవాళ్లు ఉంటేనే చేయాలి.

ఎండాకాలం లో-వోల్టేజికి మోటార్లు కాలిపోవడం మన ఊళ్లలో అందరికీ తెలిసిందే, దాన్ని కూడా ఈ లెక్కతో ముడిపెట్టి అడుగుతుంటారు, "వోల్టేజి తగ్గితే కరెంటు కూడా తగ్గాలి కదా మాస్టారూ, మరి వైండింగ్ ఎందుకు కాలింది" అని. రాడ్ అయితే తగ్గుతుంది. 230 కాస్తా 180 అయితే 4.35 ఆంప్స్ కాస్తా 3.4 అవుతుంది, నీళ్లు ఆలస్యంగా కాగుతాయి, అంతే. మోటారు అలా కాదు. దానికి నీళ్లు పైకి ఎత్తే పని తప్పదు, ఆ పనికి కావాల్సిన పవర్ దాదాపు అంతే ఉంటుంది, కాబట్టి ఇక్కడ మారకుండా ఉన్నది పవర్. వోల్టేజి × కరెంటు స్థిరం, అంటే ఇప్పుడు కరెంటు వోల్టేజికి విలోమం అయిపోయింది. 230 దగ్గర 6 ఆంప్స్ లాగే మోటారు 180కి పడిపోతే 230 × 6 ÷ 180, దాదాపు 7.7 ఆంప్స్ లాగుతుంది. ఎఫిషియెన్సీ, పవర్ ఫ్యాక్టర్ అన్నీ వదిలేసి ముతకగా వేసిన లెక్క ఇది, అయినా సంగతి ఇదే. వైండింగ్ రెసిస్టెన్స్ మారలేదు, దాని లోంచి పోయే కరెంటు పెరిగింది, వేడి కరెంటు వర్గంతో పెరుగుతుంది కాబట్టి అదే తీగలో వేడి 1.6 రెట్లు దాటింది. రివైండింగ్ షాపువాడికి గిరాకీ.

పెద్ద లైన్లలో అదే విలోమాన్ని మనకి అనుకూలంగా వాడుకుంటారు. కోరాపుట్ జిల్లాలో మాచ్‌ఖండ్ జల విద్యుత్ కేంద్రం ఉంది కదా, ఆంధ్రా ఒడిశా ఉమ్మడిది, 1955లో మొదలైంది. అలాంటి చోట తయారైన కరెంటుని కొండలు దాటించి దూరం పంపాలంటే వోల్టేజి బాగా పెంచి పంపుతారు. ఒకే పవర్‌ని 11 కేవీ (11 వేల వోల్టులు) బదులు 132 కేవీలో పంపితే వోల్టేజి 12 రెట్లు, కరెంటు పన్నెండో వంతు, తీగలో వేడిగా పోయే నష్టం 144వ వంతు. లైను తీగ అదే, దాని రెసిస్టెన్స్ అదే. 144 ఎక్కడి నుంచి వచ్చిందో బాబుని అడగండి, కరెంటు వర్గం అని చెప్పగలిగితే వేడి సూత్రం వాడికి పట్టుబడినట్టే.

తీగ గురించి కూడా ఒక ముక్క, ఎందుకంటే ఈ చాప్టర్‌లోనే అడుగుతారు. తీగ రెసిస్టెన్స్ దాని అడ్డుకోత వైశాల్యానికి విలోమం. 100 మీటర్ల రాగి తీగ 1.5 స్క్వేర్ ఎంఎం అయితే 1.15 ఓమ్స్ దాకా ఉంటుంది, 2.5 స్క్వేర్ ఎంఎం అయితే 0.69. గుణించి చూడండి, రెండూ 1.72 దగ్గరే తేలతాయి. అయితే లెక్కలో వైశాల్యం ఇచ్చారా వ్యాసం ఇచ్చారా చూసుకోవాలి. వ్యాసం రెట్టింపు అంటే వైశాల్యం నాలుగు రెట్లు, రెసిస్టెన్స్ పావు వంతు, సగం కాదు. ఇక్కడ మాత్రం గుణించాల్సింది వ్యాసం వర్గంతో.

ఇంకో జాగ్రత్త, ఇది మార్కులది కాదు, ప్రాణానిది. మన ఒంటికి కూడా రెసిస్టెన్స్ ఉంటుంది, చర్మం బాగా పొడిగా ఉంటే వేలల్లో, ఒక్కోసారి లక్ష ఓమ్స్ దాకా, తడిస్తే వెయ్యికి కూడా పడిపోతుంది. 230ని లక్షతో భాగిస్తే 2.3 మిల్లీ ఆంప్స్, జిల్లుమంటుంది అంతే. వెయ్యితో భాగిస్తే 230 మిల్లీ ఆంప్స్, అది ప్రాణం తీసేంత కరెంటు. ఇళ్లలో పెట్టే ఆర్‌సీసీబీ, అంటే కరెంటు లీకైతే సప్లై కట్ చేసే స్విచ్, 30 మిల్లీ ఆంప్స్ లీకేజీకే ట్రిప్ అయ్యేలా ఎందుకు చేస్తారో దీంతో అర్థమవుతుంది. తడి చేత్తో స్విచ్ ముట్టుకోకు అని వంద సార్లు చెప్పే బదులు ఈ భాగహారం ఒకసారి వాడి చేతే చేయించండి.

పరీక్షలో ఎలా రాయాలంటే, ముందు "వోల్టేజి స్థిరం, కాబట్టి కరెంటు × రెసిస్టెన్స్ = స్థిరం" అని ఒక లైను. తర్వాత "8 × 15 = కొత్త కరెంటు × 20" అని ఒక లైను. తర్వాత 120 ÷ 20, చివర్లో 6 పక్కన ఆంపియర్లు అని యూనిట్. మొదటి లైను రాయకుండా ఆన్సర్ వేస్తే స్టెప్ మార్కులు పోతాయి, కొందరు మాస్టార్లు ఈ విషయంలో గట్టిగా ఉంటారు. స్థిరాంకం విడిగా కనుక్కుని రాసినా, ఇలా రెండు జతలు సమానం చేసి రాసినా రెండూ ఒకటే, వాడికి ఏది అలవాటైతే అది.

బాబుకి రెండు లెక్కలు ఇస్తున్నాను, పైవి చదివాక చేయమనండి. ఒకటి, 12 ఓమ్స్ దగ్గర 5 ఆంప్స్ పోతోంది, అదే సప్లై మీద కరెంటు 4 ఆంప్స్‌కి తగ్గాలంటే సిరీస్‌లో ఇంకా ఎంత రెసిస్టెన్స్ కలపాలి? ఆన్సర్ 15 అని వస్తే ప్రశ్న మళ్లీ చదవమనండి, కావాల్సింది 3. రెండోది, ఒక సర్క్యూట్‌లో 10 ఓమ్స్ రెసిస్టర్ లోంచి 3 ఆంప్స్ పోతోంది, దాన్ని తీసేసి ఇంకో సర్క్యూట్‌లో 15 ఓమ్స్ రెసిస్టర్ పెట్టారు, కరెంటు ఎంత? దీనికి 2 అని రాస్తే మార్కు ఇవ్వకండి. ఎందుకు ఇవ్వలేదో వాడినే చెప్పమనండి, చెప్పలేకపోతే వాడు ఏం రాశాడో ఇక్కడే కింద పెట్టండి, చూస్తాను.